మెస్సీయ గురించి మూడు ఆదివారాలు: విజయనగరంలో విన్న పాఠాలపై సమీక్ష

విజయనగరం గంటస్తంభానికి కూతవేటు దూరంలో ఒక మేడ మీది గదిలో, యూదు, క్రైస్తవ, ఇస్లాం మతాలు మెస్సీయను ఎలా భావిస్తాయన్న విషయంపై మూడు ఆదివారాలు సాయంత్రం పూట పాఠాలు చెప్పారు. రుసుము 300 రూపాయలు. 40 పుటల జిరాక్సు ప్రతి కూడా అందులోనే. ఇది మతప్రచారమేమోనన్న అనుమానంతోనే వెళ్లాను గానీ, చెప్పినాయన ఏ పక్షం వైపూ మొగ్గలేదు.

మొదటి ఆదివారంతోనే కట్టిన డబ్బు గిట్టింది. మెస్సీయ అన్నది హీబ్రూ మాట నుంచి వచ్చిందనీ, దానికి నూనెతో అభిషేకం పొందినవాడని అర్థమనీ, క్రీస్తు అన్నది దాని గ్రీకు అనువాదమేననీ చెప్పి, ఆయన బోర్డు మీద 'పట్టాభిషేకం' అని రాశారు. రాజులు ఏలిన ఊరు కనుక అంతకు మించి వివరించవలసిన పని లేకపోయింది. సమూయేలు ప్రవక్త దావీదు తల మీద నూనె పోయడమంటే ఏమిటో అందరికీ ఇట్టే అందింది. యూదులను బబులోను చెర నుంచి విడిపించిన పారసీక రాజు కోరెషును కూడా యెషయా గ్రంథం 45వ అధ్యాయం అభిషిక్తుడనే అంటుందని చెప్పినప్పుడు, నా పక్కన కూర్చున్న విశ్రాంత ఉపాధ్యాయుడు తన బైబిలు తీసి చూసుకుని, పాఠం ముగిసేదాకా ఆ పుటలోనే వేలు ఉంచుకున్నారు.

యూదు మెస్సీయ దావీదు వంశపు మనిషే తప్ప దేవుడు కాడనీ, ఆలయాన్ని తిరిగి కట్టి చెదిరిపోయిన జనాన్ని కూడగట్టవలసినవాడనీ, అది నెరవేరకముందే హతుడైతే ఎదురుచూసినవాడు అతడు కాడనీ 12వ శతాబ్దపు పండితుడు మైమోనిడిస్ తేల్చారు. క్రీ.శ. 132లో రోమ్ మీద తిరగబడిన బార్ కోఖ్‌బాను ఆనాటి పేరున్న యూదు మతగురువు రబ్బీ అకీవా అంతటివాడు మెస్సీయ అన్నా, ఓడి చనిపోయాక ఆ ఆశ వదులుకున్నారు. యేసు విషయంలో సరిగ్గా అటువంటి మరణాన్నే క్రైస్తవులు పాపపరిహారంగా, యెషయా 53వ అధ్యాయానికి నెరవేర్పుగా చదివి, మిగిలిన రాజ్యపాలనను రెండవ రాకడకు ఉంచారు. తగవు మనిషి గురించి కన్నా ఆయన చేయవలసిన పని గురించి ఎక్కువని నాకు అర్థమైంది అక్కడే. అయితే, మెస్సీయ అనే వ్యక్తికి బదులు మెస్సీయ యుగం వస్తుందని నమ్మే నేటి సంస్కరణవాద యూదుల ఊసే ఎత్తకపోవడం లోపం.

రెండవ వారం చర్చికి వెళ్లేవారికి కొత్తగా ఏమీ లేదు. మూడవ వారం మాత్రం అన్యాయం జరిగింది: సగం సమయం పాత ప్రశ్నలకే పోవడంతో ఇస్లాంకు అరగంట మిగిలింది. ఖురాన్ ఈసాను, అంటే యేసును, మసీహ్ (మెస్సీయ) అని 11 చోట్ల పిలుస్తుంది, కన్య మర్యమ్‌కు పుట్టాడంటుంది, దేవుని కుమారుడు కాడంటుంది. ఆయనను శిలువ వేయలేదని 4వ సూరా 157వ వాక్యం చెబుతుంది. ఆయన దమస్కులో దిగివచ్చి, మెస్సీయనని చెప్పుకునే మోసగాడు దజ్జాల్‌ను వధిస్తాడని ప్రవక్త ముహమ్మద్ మాటల, చేతల సంకలనాలైన హదీసులు చెబుతాయి. ఇంత సంగతి ఉండగా జిరాక్సు ప్రతిలో, కడవరి రోజుల్లో వచ్చి న్యాయం నిలబెడతాడని ముస్లిములు నమ్మే మహదీనీ ఈసానూ ఒక్కరిగా కలిపేశారు. ఇస్లాంలోని ప్రధాన సంప్రదాయాల్లో వారు ఇద్దరు. నేను చెబితే ఆయన ఒప్పుకుని అక్కడికక్కడే పెన్నుతో దిద్దించారు.

ముందు వరుసలోని ఒక పెద్దావిడ, "ఇంతకీ ఆయన వచ్చీసినట్టా, ఇంకా రావాలా బాబూ?" అని అడిగారు. "రావాలని యూదులు, వచ్చాడు మళ్లీ వస్తాడని మిగతా ఇద్దరూ అంటారమ్మా" అన్నారాయన. మళ్లీ పెడితే ఇస్లాంకు రెండు వారాలు ఇవ్వమని చీటీ రాసి ఇచ్చి వచ్చాను. వెళ్లదలచినవారు ముందు వరుసలోనే కూర్చోండి. వెనుక ఫ్యాను చప్పుడుకు సగం మాటలు వినబడవు.