పొమరేనియన్‌కి గుండు కొట్టించకండి: తిరుపతి ఎండల్లో ఏడేళ్ల అనుభవం

పొమరేనియన్‌కి వేసవిలో గుండు కొట్టించొద్దు. ఏడేళ్లు పెంచాక ఈ కుక్క జాతి గురించి గట్టిగా చెప్పగలిగేది ఈ ఒక్క మాటే. మిగతావన్నీ ఇంటిని బట్టి, పెంచే మనిషిని బట్టి మారతాయి.

తిరుపతిలో ఈ తప్పు చాలా తేలిగ్గా జరిగిపోతుంది. కొండ మీద తలనీలాలిచ్చి వచ్చిన పిల్లలకు మూడు నెలలు తిరిగేసరికి మళ్లీ ఒత్తుగా జుట్టు రావడం ప్రతి ఇంట్లోనూ చూసేదే. కుక్కకీ అంతే కదా అనుకుంటాం. ఏప్రిల్‌లో అది నాలుక చాపి రొప్పుతుంటే చూడలేక మిషన్ పెట్టించేస్తాం. కానీ మన తల వెంట్రుక ఏళ్ల తరబడి పెరుగుతూనే ఉంటుంది. పొమరేనియన్ బొచ్చు ఒక పొడవు దాకా పెరిగి ఆగిపోతుంది. ఆ తర్వాత దాని కుదురు నెలల తరబడి నిద్రలోనే ఉంటుంది. పైన కత్తిరించినంత మాత్రాన అది మేలుకోదు.

మా కుక్కకు పెట్టింది పదో నంబరు బ్లేడు. చర్మం మీద ఒకటిన్నర మిల్లీమీటర్లు మిగిల్చింది. "నెలన్నరలో వచ్చేస్తుంది" అన్నారు సెలూన్‌లో. మూడో నెలకి వచ్చింది లోపలి బొచ్చు మాత్రమే. దూదిలా మెత్తగా, మెరుపు లేకుండా, వేలు పెడితే ఉండలు కడుతూ ఉండేది. నీటిని జారనిచ్చే బిరుసైన పైబొచ్చు మెడ మీద, ఛాతీ మీద కనపడటానికి ఎనిమిది నెలలు పట్టింది, వీపు మీద పద్నాలుగు. ఎడమ తొడ మీద అరచేయంత మేర ఇప్పటికీ రాలేదు. కొన్ని కుక్కలకు ఏడాదిన్నర, రెండేళ్లు పడుతుంది, కొన్నిటికి ఎప్పటికీ రాదు. ఏ కుక్కకు ఎలా అవుతుందో ముందే చెప్పే దారి లేదు.

పోనీ చల్లగానైనా ఉందా అంటే అదీ లేదు. కుక్కకు మనలా ఒళ్లంతా చెమట పట్టదు, ఎక్కువగా రొప్పడంతోనే వేడిని బయటికి పంపుతుంది. బొచ్చు తీసేస్తే ఎండ నేరుగా చర్మాన్ని తాకుతుంది. మిట్టమధ్యాహ్నం మేడ మీద పది నిమిషాలకే వీపు ఎర్రగా కమిలింది.

ఈ బొచ్చు పుట్టిన చోటు గుర్తుంటే సంగతి అర్థమవుతుంది. పొమరేనియా అంటే బాల్టిక్ తీరం, ఇప్పటి పోలండ్, జర్మనీల ఉత్తరపు అంచు. 1767లో షార్లెట్ రాణి ఇంగ్లండుకు రప్పించుకున్న పొమరేనియన్లు నేటివాటికంటే బాగా పెద్దవి. 1888లో విక్టోరియా రాణి ఇటలీలోని ఫ్లోరెన్స్ నుంచి మార్కో అనే చిన్న పొమరేనియన్‌ని తెచ్చుకున్నాక చిన్నవాటికే గిరాకీ పెరిగింది. పెంపకందారులు తరం తరానికీ సైజు తగ్గిస్తూ రెండు మూడు కిలోలకు దించారు. ఒళ్లు తగ్గింది గానీ చలిదేశపు రెండు పొరల బొచ్చు అలాగే మిగిలింది.

కాబట్టి కత్తెర మాట మరిచి దువ్వెన పట్టుకోవాలి. వారానికి మూడుసార్లు, ఇరవై నిమిషాలు. ముందు నీళ్లు సన్నగా చిలకరించాలి, పొడిబొచ్చు దువ్వితే తెగుతుంది. కుక్కను పక్కకు పడుకోబెట్టి, ఒక చేత్తో బొచ్చును పైకెత్తి పాపిట తీయాలి. చర్మం గీతలా కనపడాలి. అక్కణ్ణుంచి సన్నని వంపు తీగలుండే స్లికర్ బ్రష్‌తో మొదలు నుంచి చివరికి దువ్వుతూ, అరంగుళం అరంగుళం చొప్పున పాపిట మారుస్తూ పోవాలి. చివర్లో స్టీల్ దువ్వెన ఎక్కడా ఆగకుండా దిగితేనే పని అయినట్టు. పైపైన దువ్వితే మెరుస్తుంది, లోపల మాత్రం ఉండలు కడుతుంది. చెవుల వెనక, చంకల్లో, తొడల వెనక ముందు చూడండి. కత్తెర పడాల్సింది రెండే చోట్ల: పాదాల అడుగున, మలద్వారం చుట్టూ.

రోహిణి కార్తెలో ఉదయం ఆరున్నర దాటితే బయటికి తీయొద్దు. అరచేతి వెనక భాగాన్ని ఏడు సెకన్లు రోడ్డు మీద ఆనించలేకపోతే దాని పాదాలకూ అది కాలే నేలే. కానీ మన ఊళ్లో నవంబరు వానలే నాకు ఎక్కువ భయం. లోబొచ్చు తడిసి ఆరకపోతే రెండు రోజుల్లో వాసన, మూడో రోజుకు చర్మం మీద చెమ్మపుండు. పైన చెయ్యి పెట్టి ఆరింది అనుకోకూడదు, వేళ్లు చర్మం దాకా దింపి చూడాలి. డ్రైయర్ ఎప్పుడూ తక్కువ వేడిలోనే.

కత్తెర తగలకపోయినా నడుము, తొడల మీద రెండు వైపులా ఒకేలా బొచ్చు రాలి, చర్మం నల్లబడి, తలా కాళ్లూ మాత్రం బాగుంటే అది వేరే జబ్బు కావచ్చు, ఈ జాతిలో తరచూ కనపడేదే. నూనెలు రుద్దుతూ కూర్చోకుండా డాక్టరుతో థైరాయిడ్, కుషింగ్స్ (ఒంట్లో కార్టిసాల్ హార్మోన్ ఎక్కువయ్యే జబ్బు) పరీక్షలు చేయించండి.

మొదటి ఏడాది ఎవరడిగినా "పిల్లలున్న ఇంటికి ఇదే సరైన కుక్క" అని చెప్పిన మాట ఇప్పుడు కొంచెం సవరించుకోవాలి. ఎనిమిదేళ్లు దాటిన పిల్లలైతే సరే. చిన్నపిల్లలు చంకనెత్తి జారవిడిస్తే ముందుకాలు విరుగుతుంది, మోకాలి చిప్ప పక్కకు జారడం ఎలాగూ ఈ జాతికి ఉన్న బలహీనతే. కాపలాకి మంచిదన్నదీ నిజమే గానీ లిఫ్టు చప్పుడుకీ, పాలపాకెట్ల అబ్బాయికీ ఒకేలా మొరుగుతుంది. అపార్టుమెంటులో ఇరుగుపొరుగు ఓపిక చూసుకుని తెచ్చుకోండి. మెడపట్టీ వద్దు, ఛాతీకి వేసే హార్నెస్ వాడండి. గాలిగొట్టం మెత్తబడిపోయే జాతి ఇది, లాగితే బాతు అరిచినట్టు పొడిదగ్గు మొదలవుతుంది.

మా ఇల్లు కింది అంతస్తు, పొద్దస్తమానం ఒకరు ఇంట్లో ఉంటారు, ఒక గదిలో ఏసీ ఉంది. ఇవి లేకపోతే ఇంత ధైర్యంగా మంచిదని చెప్పను. పగలంతా తాళం వేసే ఇల్లైతే, మన వీధుల్లో చాలాకాలంగా పొమరేనియన్ పేరుతోనే చెలామణి అవుతున్న ఇండియన్ స్పిట్జ్ చూసుకోవడం నయం. మూతి కాస్త పొడవు, బరువు ఐదారు కిలోలు, ఎండకు బాగా అలవాటుపడ్డది. దానికీ బొచ్చు రెండు పొరలే, దానికీ గుండు వద్దు.