కో కేర్, బెంగ్ మేలియా: సియెమ్ రీప్ నుంచి ఒక రోజు

కంబోడియాకు వెళ్ళే తెలుగువారిలో చాలామంది సియెమ్ రీప్‌లో రెండు మూడు రోజులుండి, ఆంగ్కోర్ వాట్, బాయోన్, తా ప్రోమ్ గుడులు చూసుకుని తిరుగుముఖం పడతారు. ఆ మూడింటి తరువాత చేతిలో మరొక రోజు మిగిలితే దానిని ఎక్కడ గడపాలన్న ప్రశ్నకు నా జవాబు కో కేర్, బెంగ్ మేలియా అన్న పాత గుడుల శిథిలాలు. ఆ దారిన నేను రెండుసార్లు వెళ్ళాను. మొదటిసారి, రెండేళ్ళ క్రితం, తలకింత అని టిక్కెట్టు కొనుక్కుని పదిమందితో కలిసి వ్యానులో వెళ్ళాను. రెండవసారి, ఈ జనవరిలో, నా భార్యను, అరవై ఎనిమిదేళ్ళ మా అన్నయ్యను వెంటబెట్టుకుని, ప్రత్యేకంగా కారును, గైడును మాట్లాడుకుని వెళ్ళాను. రెండుసార్లూ చూసినవి అవే శిథిలాలు. అయితే మొదటిసారి నేను చూసినవి ఒక మెట్ల పిరమిడ్, కొన్ని చెట్ల వేళ్ళు మాత్రమేనని రెండవసారి వెళ్ళాక తెలిసింది.

సియెమ్ రీప్ నుంచి తూర్పుగా ఆరవ నంబరు జాతీయ రహదారిమీద దామ్ దేక్ వరకు వెళ్ళి, అక్కడ ఉత్తరానికి తిరిగితే కూలెన్ కొండల కింద బెంగ్ మేలియా వస్తుంది. రోడ్డు దూరం 70 కిలోమీటర్లకు లోపే. అదే దారిలో ఇంకా ముందుకు వెళితే ప్రేహ్ విహార్ రాష్ట్రంలో కో కేర్. సియెమ్ రీప్ నుంచి సుమారు 120 కిలోమీటర్లు. రోడ్డు బాగానే ఉంటుంది కనుక కారులో రెండు గంటలు, కొంచెం ఎక్కువ పడుతుంది. దారి పొడవునా వరిపొలాల గట్లమీద తాటిచెట్లు కనిపిస్తుంటే, మా అన్నయ్య ఇది గోదావరి జిల్లా కాదని తనకు తాను రెండుసార్లు గుర్తుచేసుకోవలసి వచ్చింది.

వ్యానులవారు సాధారణంగా ముందు బెంగ్ మేలియాలో ఆగుతారు, అది దారిలో ముందు తగులుతుంది గనుక. కో కేర్ చేరేసరికి మిట్టమధ్యాహ్నం అవుతుంది. అక్కడి పిరమిడ్‌మీద నీడ అన్నది లేదు. నా మొదటి ప్రయాణంలో సరిగ్గా ఇదే జరిగింది. దానికి తోడు, సంస్థవారు ముందే మాట్లాడిపెట్టుకున్న భోజనశాలలో గంటకు పైగా కూర్చోబెట్టి, కో కేర్‌లో మాకు నలభై నిమిషాలు ఇచ్చారు. ఈసారి ఉదయం ఆరు గంటలకు బయలుదేరి, బెంగ్ మేలియాను దాటుకుని నేరుగా కో కేర్‌కు వెళ్ళి, తిరుగుదారిలో బెంగ్ మేలియాను చూశాము. ఈ ఒక్క మార్పు అడిగి చేయించుకోగలిగితే సగం పని అయినట్లే.

ఖర్చు సంగతి. వ్యానులో తలకు 40 డాలర్లకు పైగా అయింది. ఈసారి కారుకు 95, గైడుకు 45 డాలర్లు ఇచ్చాము. ముగ్గురికి పంచితే తలకు 47 లోపే. అంటే ముగ్గురు నలుగురు కలిసి వెళ్ళేవారికి వ్యానువల్ల కలిసివచ్చేది చాలా స్వల్పం. ఒంటరిగా వెళ్ళేవారికి మాత్రం అదే గతి. ప్రవేశ రుసుములు వేరు. కో కేర్‌కు మేము తలకు 15 డాలర్లు అక్కడే కట్టాము. బెంగ్ మేలియా 2020 నుంచి ఆంగ్కోర్ గుడులు చూడడానికి కొనే ఆంగ్కోర్ పాస్‌లో కలిసిపోయింది. ఆ పాస్ ఒక రోజుకు 37, మూడు రోజులకు 62, ఏడు రోజులకు 72 డాలర్లు. అయితే బెంగ్ మేలియా చూసిన రోజు కూడా పాస్‌లో ఒక రోజుగా లెక్కకు వస్తుందన్నది మరచిపోకూడదు. చిరిగిన, మరకలు పడిన డాలరు నోట్లను అక్కడ ఎవరూ తీసుకోరు కనుక, బయలుదేరేముందే చిల్లర నోట్లను ఏరి పెట్టుకోవడం మంచిది.

ఇక కో కేర్. పదవ శతాబ్దంలో నాలుగవ జయవర్మ ఆంగ్కోర్‌ను విడిచి తన రాజధానిని ఇక్కడికి తెచ్చుకున్నాడు. 928 నుంచి 944 వరకు కంబోడియా ప్రాచీన ఖ్మేర్ రాజ్యానికి ఇదే రాజధాని. అతని తరువాత కొడుకు రెండవ హర్షవర్మ కొద్దికాలం పాలించాడు, ఆపైన రాజేంద్రవర్మ మళ్ళీ ఆంగ్కోర్‌కు వెళ్ళిపోయాడు. ఒక తరం కూడా నిండని రాజధాని ఇది. ఆ కొద్దికాలంలోనే ఒక పెద్ద చెరువును, పదుల కొద్దీ గుడులను, ఏడంతస్తుల పిరమిడ్‌ను కట్టారంటే ఎంత తొందరలో ఉన్నారో ఊహించుకోవచ్చు. శాసనాలు ఈ ఊరిని చోక్ గర్గ్యార్ అని, లింగపురమని అంటాయి. 2023లో యునెస్కో దీనిని ప్రపంచ వారసత్వ స్థలాల జాబితాలో చేర్చినప్పుడు పేరులో ఆ రెండింటినీ నిలుపుకుంది.

పిరమిడ్‌ను అక్కడివారు ప్రాంగ్ అంటారు. ఎత్తు సుమారు 36 మీటర్లు. ఎక్కడానికి పక్కన చెక్కమెట్లు కట్టారు. నిటారుగా ఉంటాయి కాని, పట్టుకోవడానికి కమ్మీలున్నాయి. మోకాళ్ళ నొప్పులున్న మా అన్నయ్య రెండుచోట్ల ఆగి, ఎనిమిది గంటల చల్లదనంలో పైకి చేరగలిగాడు. మధ్యాహ్నం అయితే నేనే వద్దనేవాడిని. శిఖరంమీద ఒకప్పుడు త్రిభువనేశ్వరుడన్న పేరుగల మహాలింగం ఉండేదట. ఇప్పుడు లేదు. పైనుంచి చూస్తే నాలుగు దిక్కులా అడవి, ఉత్తరాన దూరంగా డాంగ్రెక్ కొండల గీత. వ్యానువారు చూపించేది ఇంతవరకే.

మా గైడు యాభై ఏళ్ళ మనిషి, పర్యాటక శాఖ లైసెన్సు ఉన్నవాడు, నెమ్మదిగా, తెలిసినంతవరకే మాట్లాడే స్వభావం. పిరమిడ్ దిగాక ఆయన మమ్మల్ని కారు ఎక్కించి చిన్న గుడులవైపు తీసుకువెళ్ళాడు. ప్రాసాత్ ప్రామ్‌లో అయిదు గోపురాలున్నాయి. ‘ప్రాసాత్’ అన్నది మన ప్రాసాదమేనని, ‘ప్రామ్’ అంటే అయిదని ఆయన చెప్పాడు. అక్కడి ఇటుక గోపురాన్ని మర్రిజాతి చెట్టు వేళ్ళు నిలువునా అల్లుకుని ఉన్నాయి. వేళ్ళను తీసివేస్తే గోపురం కూలుతుంది, ఉంచితే పగులుతుంది. ప్రాసాత్ బలాంగ్‌లో మనిషికంటె ఎత్తుగా ఒక శివలింగం పానవట్టంతో సహా నిలిచి ఉంది. కప్పు లేదు, గోడలు సగమే, పూజలేదు. నా భార్య చెప్పులు బయట విడిచే వెళ్ళింది. గైడు దానికి ఆశ్చర్యపోలేదు, తానూ విడిచాడు.

ఈ రోజంతటికీ విలువ తెచ్చిన చోటు ప్రాసాత్ చెన్. చూడడానికి అక్కడ దాదాపు ఏమీ లేదు: కూలిన ద్వారాలు, మూడు గోపురాల మొండెలు, ఎండుటాకులు. మొదటిసారి వ్యాను దాని ముందు ఆగనైనా లేదు. గైడు పడమటి ద్వారం దగ్గర మమ్మల్ని నిలబెట్టి, నేలమీద పుల్లతో గీసి చూపించాడు: ఇక్కడ భీముడు, ఎదురుగా గాలిలోకి ఎగరబోతున్న దుర్యోధనుడు, చుట్టూ చూస్తూ కూర్చున్నవారు, ఒక పక్కన బలరాముడు. గదాయుద్ధాన్నంతా విడివిడి రాతి విగ్రహాలతో, నాటకరంగంమీద నిలబెట్టినట్లు, ఈ ద్వారంలో అమర్చారు. గోడమీద చెక్కడాలకు అలవాటుపడిన ఖ్మేర్ శిల్పంలో ఇలా నలువైపులా తిరిగి చూడగల విగ్రహాలతో కథ చెప్పడం కో కేర్ శిల్పుల ప్రత్యేకత. వాలిసుగ్రీవులు పెనుగులాడే ప్రసిద్ధమైన విగ్రహం కూడా ఈ గుడిదే.

1970 దశకపు యుద్ధకాలంలో దొంగలు ఆ విగ్రహాలను చీలమండల దగ్గర విరగ్గొట్టి దేశం దాటించారు. పాదాలు మాత్రం పీఠాలమీద ఇక్కడే మిగిలిపోయాయి. 2011లో న్యూయార్క్‌లో సోథెబీస్ వేలానికి పెట్టిన విగ్రహం ఆ దుర్యోధనుడేనని తేల్చడానికి ఆ పాదాలే సాక్ష్యమయ్యాయి. అమెరికా ప్రభుత్వం దావా వేసింది. చివరకు 2014లో దుర్యోధనుడు కంబోడియాకు తిరిగివచ్చాడు. కాలిఫోర్నియాలోని నార్టన్ సైమన్ మ్యూజియం నుంచి భీముడూ, మరొక వేలం సంస్థ క్రిస్టీస్ నుంచి బలరాముడూ అదే సంవత్సరం వచ్చారు. మోకాళ్ళమీద కూర్చున్న రెండు విగ్రహాలను న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ మ్యూజియం అంతకు ఒక ఏడాది ముందే పంపింది. తొడమీద కొట్టడం గదాయుద్ధ నియమానికి విరుద్ధమని బలరాముడు నాగలి ఎత్తి భీముడిమీదికి లేచిన ఘట్టాన్ని మా అన్నయ్య గైడుకు వివరంగా చెప్పాడు. గైడు చిన్న పుస్తకం తీసి రాసుకున్నాడు. ఆ ఖాళీ ద్వారం ముందు మేము ముప్పావుగంట ఉన్నాము. గైడు లేకపోతే రెండు నిమిషాలు కూడా ఉండేవారము కాము.

ఒక హెచ్చరిక ఇక్కడే చెప్పాలి. ఈ ప్రాంతం యుద్ధకాలంలో మందుపాతరలతో నిండి ఉండేది. గుడుల ఆవరణలను, దారులను శుభ్రం చేశారు కాని, చుట్టూ ఉన్న అడవికి ఆ భరోసా లేదు. ఫొటో కోసమైనా, మరే అవసరానికైనా కాలిబాట విడిచి చెట్లలోకి వెళ్ళకూడదు. మరుగుదొడ్లు పిరమిడ్ దగ్గర ఉన్నాయి, వాడదగినట్లే ఉన్నాయి.

భోజనం పిరమిడ్ ఎదుటి పాకల్లోనే చేశాము. శాకాహారులకు కొంత ఇబ్బంది: కూరగాయల వేపుడులో కూడా చేపరసం వేస్తారు. గైడు వంటమనిషికి విడమరచి చెబితే ఉప్పు, మిరియాలతో వేరుగా చేసి ఇచ్చారు. దారిలో వెదురు గొట్టంలో కాల్చి అమ్మే క్రోలాన్ మాత్రం నిస్సందేహంగా కొనుక్కోవచ్చు. జిగురు బియ్యం, కొబ్బరిపాలు, చిక్కుడు జాతి గింజలు, కాస్త ఉప్పు, చక్కెర తప్ప అందులో వేరే ఏమీ ఉండవు.

బెంగ్ మేలియాకు మధ్యాహ్నం రెండున్నరకు చేరాము. కంటికి ఇంపైనది ఇదేనని ఒప్పుకోవాలి. ఆంగ్కోర్ వాట్ శైలిలో పన్నెండవ శతాబ్దంలో కట్టిన పెద్ద గుడి. కట్టించినదెవరో చెప్పే శాసనం దొరకలేదు. మధ్యగోపురం రాళ్ళ కుప్పగా కూలిపోయింది, ఆ కుప్పమీద నాచు, నాచుమీద చెట్లు. ఎక్కువ భాగాన్ని పునర్నిర్మించకుండా అలాగే వదిలివేశారు. రాళ్ళమీదుగా కట్టిన చెక్కవంతెన వెంట నడిచి వెళ్ళవచ్చు గనుక పెద్దవారికి కో కేర్‌కంటె ఇక్కడే సులువు. పడిపోయిన రాళ్ళ మధ్య సీత అగ్నిప్రవేశం చెక్కిన శిల్పాన్ని గైడు వెతికి చూపించాడు. వాళ్ళ రామకథలో ఆమె పేరు సేడా. ఇక్కడ గైడు లేకున్నా తిరగవచ్చు, చూసింది చూసినట్లే బాగుంటుంది. ఒక గంటన్నర చాలు.

కో కేర్ దగ్గర స్రయాంగ్ అన్న ఊరిలో బస చేయడానికి చిన్న అతిథిగృహాలున్నాయి. గుడులన్నిటినీ తీరిగ్గా చూడదలచినవారికి అక్కడ ఒక రాత్రి ఉండడం ఉపయోగమే కాని, సౌకర్యాలు చాలా సాదా. మేము సియెమ్ రీప్‌లో వాట్ బో వీధి వైపు బస చేసి రాత్రికి తిరిగివచ్చాము. సాయంత్రం ఆరుంపావుకు గదిలో ఉన్నాము. ఒక ఫిర్యాదు ఉంది: బస నుంచి కారు మాట్లాడిపెడతామన్నవారు చెప్పిన ధర, మేము గైడు ద్వారా నేరుగా మాట్లాడుకున్నదానికంటె 30 డాలర్లు ఎక్కువ.

రెండు రోజుల తరువాత రాజధాని నమ్ పెన్ చేరి జాతీయ మ్యూజియంకు వెళ్ళాము. కో కేర్ చూసేవారు వీలైతే ఈ వరుసనే పాటించాలి, ముందు గుడి, తరువాత మ్యూజియం. భీముడి ఎదుట, దుర్యోధనుడి ఎదుట జనం ముఖాలను చూస్తూ నిలబడి ఉన్నారు. మా అన్నయ్య మాత్రం కళ్ళజోడు సవరించుకుని, వంగి, ముందుగా చీలమండల దగ్గర చూశాడు.