కజిన్ ద్వీపం: తాబేలును చూపిస్తారు, పిట్టను మాత్రం మనమే అడిగి చూడాలి

సీషెల్స్‌లోని ప్రాస్లిన్ ద్వీపంలో, పక్కనే ఉన్న కజిన్ ద్వీపం టూర్లు అమ్మే బోర్డుల మీద రాక్షస తాబేలు ఉంటుంది, తెల్లటి టెర్న్ పక్షి ఉంటుంది. సీషెల్స్ వార్బ్లర్ మాత్రం కనబడదు. ఆ ద్వీపం ఇవాళ అడవిగా ఉండటానికి అసలు కారణం ఈ పిట్టే. 1968 నాటికి లోకం మొత్తంలో మిగిలినవి ముప్పై కూడా లేవు, అన్నీ కజిన్‌లోనే. అప్పటి అంతర్జాతీయ పక్షి సంరక్షణ మండలి ఆ కొబ్బరి తోట ద్వీపాన్ని కొనేసింది. కొబ్బరిని తగ్గించి అక్కడి సొంత చెట్లయిన పైసోనియాలను పెరగనిచ్చేసరికి పిట్టలు మూడొందలు దాటాయి. ఇంత కథ ఉన్న పక్షికి గైడు ఇచ్చేది అర నిమిషం: "అదిగో, గోధుమరంగుది, పదండి."

తప్పంతా గైడుది కాదు, ప్యాకేజీది. కజిన్, క్యూరియూజ్, సెయింట్ పియర్ ద్వీపాలు మూడూ ఒకే రోజులో చుట్టేసే పడవ ఎక్కితే ధ్యాసంతా క్యూరియూజ్‌లో భోజనం మీద, ఆ తర్వాత ఈత మీదే. వెంట వచ్చినవాళ్ళు దోమలకు విసిగి గంట తిరక్కుండానే ఒడ్డు వైపు చూస్తుంటారు. పక్షి కోసమే వెళ్ళేవాళ్ళు కజిన్ ఒక్కదానికే పడవ మాట్లాడుకోవాలి. సందర్శకులను రానిచ్చేది సోమవారం నుంచి శుక్రవారం దాకా, అదీ పొద్దుటి పూటే. రాత్రి బస లేదు. పడవ ధరలో ద్వీపం ప్రవేశ రుసుము కలిసి ఉందో లేదో డబ్బు కట్టక ముందే రాయించుకోండి. "అన్నీ కలిపే" అన్న నోటిమాట ఒడ్డు చేరేసరికి మారిపోతుంది.

మన పడవ తీరాన్ని తాకదు. ఎలుక ఒక్కటి దిగినా ద్వీపం పని అయిపోయినట్టే కాబట్టి సముద్రంలోనే ద్వీపాన్ని కాపాడే రిజర్వు వాళ్ళ పడవలోకి మారాలి. వాళ్ళు దాన్ని ఊపుగా ఇసుక మీదికి ఎక్కిస్తారు. కెమెరా తడవని సంచిలో ఉండాలి, దోమల మందు పడవలోనే పూసుకోవాలి.

ఇక అడవిలో. పిట్ట 13 సెంటీమీటర్లే ఉంటుంది. పైన ఆకుపచ్చ కలిసిన గోధుమరంగు, కింద పసుపు తెలుపు, కంటి పైన లేత గీత, పొడవాటి నీలి బూడిదరంగు కాళ్ళు. మామూలు రూపమే, వెతికే పద్ధతి తెలియకపోతే దాటిపోతుంది. ముందు చెవి పెట్టండి: మనిషి ఈల వేసినట్టుండే మంద్రస్వరం, పొట్టి పొట్టి ముక్కలుగా వినిపిస్తుంది. తర్వాత ఆకుల పైభాగం కాదు, అడుగుభాగం చూడండి. తిండిలో 98 శాతం ఆకుల అడుగున దొరికే పురుగులే. కొమ్మ చివర మెడ పైకెత్తి, ఆకు కింద నుంచి పురుగును లాక్కుంటుంది. బెదురు తక్కువ కాబట్టి రెండు మూడు మీటర్ల దాకా వస్తుంది. అందుకే పెద్ద లెన్సు కంటే దగ్గరి వస్తువును కూడా స్పష్టంగా చూపే బైనాక్యులర్సే నయం. కన్ను ఎర్ర గోధుమరంగులో ఉంటే పెద్దది, బూడిద నీలంగా ఉంటే పిల్ల. కాళ్ళకు రంగుల రింగులు కనబడతాయి. ఇక్కడ దాదాపు ప్రతి పక్షికీ రింగులున్నాయి, ఏది ఎవరి పిల్లో పరిశోధకులకు తెలుసు. కూత రికార్డింగు మోగించి పిలవడం మాత్రం వద్దు. తన హద్దు, అంటే తాను తిండి వెతుక్కుని గూడు కట్టే సొంత చోటు, కాచుకుంటున్న పక్షిని ఊరికే అలసిపోయేలా చేయడమే అది.

ఒకే చోట రెండు కాదు, మూడు నాలుగు పక్షులు కనబడితే తొందరపడి కదలకండి. గూటిలో గుడ్డు సాధారణంగా ఒక్కటే. అమ్మానాన్నలతో పాటు ముందటి పిల్లలు, ఎక్కువగా ఆడవి, ఉండిపోయి కొత్త పిల్లకు మేత తెస్తాయి. ద్వీపం నిండిపోయింది, వేరు కాపురానికి చోటు లేదు మరి. ఈ పిట్టలను పరిశోధించిన యాన్ కొమ్‌డర్ బృందం 1997లో చెప్పిన లెక్క మరీ విచిత్రం: పురుగులు తక్కువున్న హద్దుల్లో పుట్టినవాటిలో 77 శాతం మగవి, సమృద్ధిగా ఉన్నచోట మగవి 13 శాతమే. ఇంట్లో ఉండి సాయం చేసే ఆడపిల్ల తిండి బాగా ఉన్నచోటే లాభం. లేనిచోట ఆమె కూడా మరో నోరు. ఒడ్డున ఉన్న హద్దులు సాధారణంగా నాసిరకం: ఆగ్నేయ గాలికి ఉప్పునీటి తుంపర పడి ఆకులు రాలిపోతాయి, ఆకుల్లేకపోతే పురుగుల్లేవు. కాబట్టి బీచి దగ్గర ఆగిపోకుండా లోపలికి నడవండి.

గూళ్ళ సందడి జూన్ నుంచి ఆగస్టు దాకా. సరిగ్గా అప్పుడే ఆగ్నేయ గాలులు వీస్తాయి, పడవ మారడం నరకం. వాంతులయ్యేవాళ్ళను అప్పుడు తీసుకెళ్ళకండి. నా ఓటు అక్టోబరు చివర, నవంబరుకే: సముద్రం నెమ్మదిస్తుంది, హాక్స్‌బిల్ అనే సముద్రపు తాబేళ్ళు పట్టపగలే గుడ్లు పెట్టడానికి ఒడ్డెక్కుతాయి. వార్బ్లర్ ఏడాది పొడుగునా తన హద్దులోనే ఉంటుంది, కనబడకపోవడమన్నది లేదు.

బస ప్రాస్లిన్‌లో చిన్న గెస్ట్‌హౌస్‌లోనే మేలు. 2023 ఆగస్టు నుంచి పర్యావరణ సుంకం మనిషికి రాత్రికి చిన్న బసల్లో 25 సీషెల్స్ రూపాయలు, పెద్ద హోటళ్ళలో 100. నలుగురు పెద్దవాళ్ళు నాలుగు రాత్రులుంటే 400కీ 1600కీ తేడా. పన్నెండేళ్ళ లోపు పిల్లలకు లేదు, బిల్లులో వేస్తే తీయించండి.

కజిన్‌కు పడవ కుదరకపోతే ఆ రోజును లా డీగ్ ద్వీపానికి మళ్ళించండి. ప్రాస్లిన్ నుంచి ఫెర్రీలో పావుగంట, దిగి సైకిల్ అద్దెకు తీసుకుంటే వవ్ రిజర్వు అనే పక్షుల అడవి దగ్గరే. బాదం, తకమకా చెట్ల నీడలో నల్లటి పొడుగు తోకతో ప్యారడైజ్ ఫ్లైక్యాచర్ మగపక్షి తిరుగుతుంది. ఆడది ఎర్ర గోధుమ వీపు, నల్ల తల, తెల్ల పొట్టతో వేరే జాతిలా ఉంటుంది, పొరబడకండి.