హనుమకొండలో మెడికల్ కోడింగ్ శిక్షణ: కాలిన గాయాల పాఠం ఎలా చెప్పారు?

బీఫార్మసీ, నర్సింగ్, లైఫ్ సైన్సెస్ పూర్తిచేసి మెడికల్ కోడింగ్ (రోగి నివేదికలోని జబ్బులను, చికిత్సలను నిర్ణీత కోడ్‌లుగా రాసే పని) ఉద్యోగాల వైపు చూసే వరంగల్ ప్రాంతపు విద్యార్థుల్లో చాలామంది శిక్షణ అనగానే హైదరాబాద్ అమీర్‌పేట దారి పడతారు. నేను మాత్రం హనుమకొండ నక్కలగుట్టలోని ఒక సంస్థలో సాయంత్రం బ్యాచ్‌లో చేరాను. కోర్సు మొత్తాన్ని గురించి కాకుండా, ప్రమాదవశాత్తూ కాలిన గాయం మానిపోయాక ఏళ్ల తరబడి మిగిలిపోయే ఇబ్బందులకు కోడ్ ఇచ్చే పాఠాన్ని అక్కడ ఎలా చెప్పారో రాస్తున్నాను. బోధనలో పస ఉందో లేదో ఇటువంటి చిక్కు పాఠాల దగ్గరే బయటపడుతుందని నా నమ్మకం.

అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి అమలులో ఉన్న జబ్బుల, గాయాల కోడ్‌ల జాబితా ఐసీడీ-10-సీఎంలో, శరీర భాగాన్ని బట్టి ఇచ్చే కాలిన గాయాల కోడ్‌లకు ఏడో అక్షరం తప్పనిసరి. గాయానికి నేరుగా చికిత్స సాగుతున్నంత కాలం ‘ఏ’, మానుతున్న దశలో ‘డి’, గాయం మిగిల్చిపోయిన స్థితికి ‘ఎస్’ రాస్తారు. ఇంతవరకు ఏ పుస్తకంలోనైనా దొరుకుతుంది. మా సార్ దీన్ని బట్టీ పట్టించకుండా ఒక రోగి నివేదికను బోర్డు మీద రాశారు. కుడి చేతి మీద మరిగే నూనె పడి మూడో డిగ్రీ గాయమైంది, రెండేళ్లు గడిచాయి, గాయం పూర్తిగా మానింది, ఇప్పుడు మచ్చ ఉబ్బి గట్టిపడింది, వేళ్లు చాపడానికి రావడం లేదు. “సంక్రాంతికి సకినాలు కాలుస్తుంటే నూనె చిందిందనుకోండి” అంటూ ఆయన తన కుడి చేతి వేళ్లను సగానికి ముడిచి పైకెత్తి చూపించి, ఆమె ఈ రోజు డాక్టరు దగ్గరికి దేనికోసం వచ్చిందని అడిగారు. ముందు వరుసలోని అమ్మాయి “కాలినందుకు సార్” అంది. “కాలింది రెండేళ్ల కింద కదమ్మా. ఇప్పుడు వేళ్లు రావడం లేదని వచ్చింది. దేనికి వచ్చిందో అదే ముందు రాయాలి” అన్నారాయన.

ఆ ఒక్క మాటతో వరుస మొత్తం కుదురుకుంది. ముందు చేతి కీళ్ల కాంట్రాక్చర్‌కు, అంటే కీళ్లు బిగుసుకుపోయి చాపలేకపోవడానికి ఎం24.541, ఉబ్బిన మచ్చకు ఎల్91.0, తరువాత వాటికి మూలమైన పాత గాయానికి టి23.301ఎస్, చివర వంటనూనె తగిలిన ప్రమాదానికి ఎక్స్10.2ఎక్స్‌ఎక్స్‌ఎస్. చేతిలో ఏ భాగం కాలిందో నివేదికలో లేదు కాబట్టే టి23.301 తీసుకున్నామని, వేళ్లనో అరచేయనో డాక్టరు రాసి ఉంటే కోడ్ మారుతుందని కూడా చెప్పారు. ‘ఎస్’ గాయం కోడ్‌కూ ప్రమాద కారణం కోడ్‌కూ చేరుతుంది తప్ప ఇప్పటి ఇబ్బందిని తెలిపే కోడ్‌కు చేరదు. ప్రమాదం వంటింట్లో జరిగిందని తెలిపే వై92 కోడ్‌ను మొదట చికిత్సకు వచ్చినప్పుడే ఒకసారి రాస్తారు కనుక ఇక్కడ దానికి చోటు లేదు.

ఎన్నాళ్ల తరువాత వచ్చిన ఇబ్బందిని దీర్ఘకాలిక ఫలితంగా లెక్కించాలన్న సందేహాన్ని ఆయన తేలిగ్గా దాటవేయలేదు. దానికి గడువంటూ లేదు. నెలలైనా ఏళ్లైనా కావచ్చు. అయితే మానకుండా మిగిలిన గాయం ఎంత పాతదైనా ఇప్పటి గాయమే. అన్ని గాయాలూ ఒకే వేగంతో మానవు కాబట్టి, ఒక చేయి మాని మచ్చకట్టి, రెండో చేతికి ఇంకా కట్లు మారుస్తున్న రోగి నివేదికలో ‘డి’, ‘ఎస్’ రెండూ పక్కపక్కనే ఉండవచ్చు. ఈ సంగతిని ఇంత ఓపికగా విప్పి చెప్పినందుకు ఆయనకు నేను నిజంగా రుణపడి ఉన్నాను.

లోపాలూ ఉన్నాయి. ముడుచుకుపోయిన మచ్చను కోసి విడదీసే శస్త్రచికిత్సకు ఇచ్చే సీపీటీ కోడ్‌ల (వైద్యులు చేసే చికిత్సలకు వాడే కోడ్‌ల) దగ్గరికి వచ్చేసరికి పాఠం పరుగు తీసింది. కొత్త చర్మం అతికించడానికి చేతి మీద చోటు సిద్ధం చేసే 15004 వంటివాటిని పేరు చదివి వదిలేశారు. నాలుగు గంటల్లో వంద ప్రశ్నలకు జవాబివ్వవలసిన సీపీసీ (మెడికల్ కోడర్ల ధ్రువీకరణ) పరీక్షకు వెళ్లేవారికి ఇది చాలదు. అభ్యాసానికిచ్చిన నివేదికలు కూడా తక్కువే, అందులోనూ అన్నీ నూనె, వేడినీళ్ల కేసులే. మంటల్లో ముఖం, మెడ కాలినవారి నివేదిక ఒక్కటైనా ఉండవలసింది. ఐసీడీ-10-సీఎంకు మూలమైన ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10లో, కాలిన గాయాలు మిగిల్చిన ఇబ్బందులకు టి95 అనే వేరే విభాగం ఉందన్న మాట తరగతిలో రానే లేదు. ఇక్కడి ఆసుపత్రుల రికార్డుల విభాగాల్లో పనిచేయదలచినవారికి అది తెలియడం ముఖ్యం.

పరకాల, నర్సంపేట, జనగామ నుంచి వచ్చిపోయేవారికి సాయంత్రం బ్యాచ్ కొంత ఆలస్యమవుతుంది, ఉదయం బ్యాచ్ మేలు. హైదరాబాద్‌లో హాస్టల్ ఖర్చును కూడా లెక్కలోకి తీసుకుంటే ఇక్కడి ఫీజు న్యాయంగానే ఉంది. ఐసీడీ-10-సీఎం కోడ్‌లు ఏటా అక్టోబరు 1న మారుతుంటాయి. సంస్థలో చేతికిచ్చే పుస్తకాలు పాతవి. కనుక చేరేముందే ఆ సంవత్సరపు పుస్తకం ఇస్తారో లేదో అడిగి, ఇవ్వకపోతే సొంతంగా కొనుక్కోవాలి.