అంగారకుడికి ఏ ఇంజన్ మీద వెళ్దాం?

మంగళయాన్ బరువు లెక్క ఒకసారి చూడండి. 2013 నవంబరు 5న శ్రీహరికోటలో బయల్దేరినప్పుడు అది 1337 కిలోలు. అందులో 852 కిలోలు ఇంధనమే. అంత దూరం మోసుకెళ్లిన ఐదు పరికరాలూ కలిపితే సుమారు 15 కిలోలు. పెళ్లికి వెళ్తూ కారు నిండా పెట్రోలు డబ్బాలు పేర్చుకుని, చదివింపుల కవరు ఒళ్లో పెట్టుకున్నట్టు! చేరేసరికి 2014 సెప్టెంబరు 24 అయింది.

యంత్రం కాబట్టి దాదాపు 300 రోజులు ఓపిక పట్టింది. మనిషి సంగతి వేరు. క్యూరియాసిటీ రోవర్ దారి పొడవునా రేడియేషన్ కొలుచుకుంటూ వెళ్లింది: రోజుకు సుమారు 1.8 మిల్లీసీవర్టులు. ఆరు నెలలు పోను, ఆరు నెలలు రాను అనుకుంటే ప్రయాణంలోనే 650 దాకా అవుతుంది. అణు కేంద్రాల్లో పనిచేసేవాళ్లకు అంతర్జాతీయ సిఫార్సు ఏడాదికి సగటున 20. అందుకే దారిలో గడిపే రోజులు తగ్గించాలనే ఆరాటం.

ఇప్పుడున్న రసాయన ఇంజన్లతో చిక్కేమిటంటే, హైడ్రోజన్‌ని ఆక్సిజన్‌తో కలిపి మండించినా వెనక్కి దూసుకొచ్చే ఆవిరి వేగం సెకనుకు నాలుగున్నర కిలోమీటర్ల దగ్గర ఆగిపోతుంది. నౌక వేగాన్ని సెకనుకు 9 కిలోమీటర్లు పెంచాలంటే, ఖాళీ నౌక టన్ను ఉంటే ఇంధనం ఆరు టన్నులు దాటుతుంది. ఇంజనీర్ల తప్పేం లేదు, మంటలో ఉన్న శక్తే అంత. నేల మీంచి లేవడానికి మాత్రం దీనికి సాటి లేదు.

అయాన్ ఇంజన్ దీనికి పూర్తిగా తిరగేసిన సరుకు. రెండు ఎ4 కాగితాలు అరచేతిలో పెట్టుకోండి. ఆ బరువు ఎంతో, నాసా వారి డాన్ నౌక ఇంజన్ తోపుడు గరిష్ఠంగా అంత. కానీ జినాన్ వాయువు అయాన్లను, అంటే విద్యుదావేశం ఎక్కించిన పరమాణువులను, సెకనుకు 30 కిలోమీటర్ల వేగంతో వదులుతుంది, అదీ నెలల తరబడి ఆగకుండా. 425 కిలోల జినాన్‌తో 2007లో బయల్దేరి అంగారకుడికి అవతల తిరిగే గ్రహశకలాల పట్టీలోని వెస్టాను 2011లో, సెరెస్‌ను 2015లో పలకరించింది. ఎడ్లబండి అనుకోండి: ధాన్యం బస్తాలు ముందుగా పంపడానికి బంగారం, మనిషిని ఎక్కిస్తే విసుగు.

నా ఓటు మూడోదానికి, అణు ఉష్ణ ఇంజన్‌కి. ఇందులో మంట లేదు. యురేనియం రియాక్టర్ 2500 కెల్విన్ల దాకా కాగుతుంది, ద్రవ హైడ్రోజన్ దాని గుండా పోయి వేడెక్కి వెనక్కి తన్నుతుంది. కిటుకు తేలికదనంలో ఉంది. మంటలో పుట్టే నీటి అణువు భారం 18, హైడ్రోజన్‌ది 2. తేలికైనది వేగంగా పోతుంది కాబట్టి దూసుకొచ్చే వేగం సెకనుకు 8 కిలోమీటర్లు దాటుతుంది. ఇందాకటి ఆరు టన్నుల ఇంధనం రెండు టన్నులకు దిగుతుంది.

ఇది కాగితం మీద కబురు కాదు. అమెరికాలో నెవాడా ఎడారిలో 1969లో ఇలాంటి అణు ఇంజన్‌నే, నెర్వా అనే పథకంలోది, ఒకేదాన్ని 28 సార్లు వెలిగించి ఆర్పారు. 1973లో ఖర్చు దండగని మూసేశారు. మళ్లీ డ్రాకో పేరుతో 2027లో కక్ష్యలో పరీక్షిద్దామనుకున్నారు, 2025లో దాన్నీ ఆపేశారు. ఇంజన్ తప్పు కంటే బడ్జెట్ తప్పే ఎక్కువేమో అనిపిస్తుంది నాకు. లోపాలు లేవని కాదు. మైనస్ 253 డిగ్రీల హైడ్రోజన్‌ని నెలల పాటు ఆవిరైపోకుండా కాపాడటం నరకం. రియాక్టర్ కూలితే ఏమవుతుందో 1978లో రియాక్టర్ మోసుకెళ్లిన సోవియట్ ఉపగ్రహం కాస్మోస్ 954, కెనడా మంచు మీద రేడియోధార్మిక శకలాలు వెదజల్లి చూపించింది. అందుకే భద్రమైన కక్ష్యకు చేరాకే వెలిగించాలంటారు.

ఇక అందరూ కలలు కనే ఫ్యూజన్, అంటే సూర్యుడిలో లాగా తేలికైన పరమాణు కేంద్రకాలను కలిపి శక్తి పుట్టించడం. కాగితం మీద దీనికి ఎదురే లేదు. బ్రిటిష్ ఇంటర్‌ప్లానెటరీ సొసైటీ వాళ్లు 1973-78 మధ్య గీసిన డెడాలస్ నౌక కాంతి వేగంలో 12 శాతం అందుకుని, దాదాపు ఆరు కాంతి సంవత్సరాల దూరంలోని బర్నార్డ్ నక్షత్రానికి 50 ఏళ్లలో చేరాలని లెక్క. నక్షత్రాల దాకా అంటే నేనూ ఫ్యూజన్‌కే ఓటేస్తాను. అయితే డెడాలస్‌కి ఇంధనంగా కావలసిన హీలియం-3 (హీలియంలో అరుదైన రకం) కోసం ముందు గురుగ్రహం దాకా వెళ్లి రావాలి!

అంగారకుడి వరకైతే మాత్రం ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం. 2022 డిసెంబరులో కాలిఫోర్నియాలో ఒక ఫ్యూజన్ ప్రయోగంలో లేజర్లు 2.05 మెగాజౌళ్లు పెడితే 3.15 వచ్చాయని సంబరపడ్డాం. ఆ లేజర్లు కరెంటు తీగల్లోంచి లాగింది సుమారు 300 మెగాజౌళ్లు. ఫ్రాన్సులో కడుతున్న ఈటర్ అనే ఫ్యూజన్ యంత్రం బరువు 23,000 టన్నులు, అంటే అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రాలు యాభైకి పైగా.

బరువు తగ్గించారనే అనుకుందాం, వేడి ఎక్కడికి పోతుంది? తేలిగ్గా రాజుకునే డ్యుటీరియం-ట్రిటియం (రెండూ హైడ్రోజన్‌లో బరువైన రకాలే) ఫ్యూజన్ చర్యలో ఐదింట నాలుగు వంతుల శక్తి న్యూట్రాన్లదే. వాటికి విద్యుదావేశం లేదు, అయస్కాంతం మాట వినవు. నౌకను తోయకుండా గోడలకు కొట్టుకుని కాకపుట్టిస్తాయి. ఇబ్రహీంపట్నం థర్మల్ కేంద్రానికి ఆ కాక చల్లార్చడానికి పక్కనే కృష్ణ ఉంది. శూన్యంలో నీళ్లూ లేవు, గాలీ లేదు. వేడిని కాంతిలా వెదజల్లే పెద్ద పెద్ద రేడియేటర్ రెక్కలే గతి. అణు ఉష్ణ ఇంజన్‌కి ఈ బాధ చాలా తక్కువ, ఎందుకంటే బయటికి పోయే హైడ్రోజనే వేడిని వెంట తీసుకుపోతుంది.

ఈసారి ఎవరైనా ఫ్యూజన్ రాకెట్ బొమ్మ వాట్సాప్‌లో పంపితే మెరిసే నీలం జ్వాలను వదిలేసి, రేడియేటర్లు ఎంత పెద్దవి గీశారో చూడండి. అసలు గీశారో లేదో కూడా.