దానిలోవ్‌స్కీ మార్కెట్లో కొన్న ఖర్జూర పాకం, తహీనీ: సిర్నికీ మీద పోసుకుని తిన్నాక

మాస్కోలో అక్టోబరు ఆదివారాల్లో మా ఇంట్లో పది దాటితే గానీ ఎవరూ దుప్పటి తీయరు, అందుకని టిఫినూ భోజనమూ కలిపి పదకొండింటికి ఒకేసారి చేసేస్తాను. ఈసారి గుమ్మడికాయ వేసి సిర్నికీ చేశాను. త్వరోగ్‌తో, అంటే పాలు పులియబెట్టి విరిచి చేసే పనీర్ లాంటి దానితో కాల్చే మందపాటి చిన్న అట్లు ఇవి, ఇక్కడివాళ్లు స్మెతానాతోనో (పుల్లటి మీగడ) జామ్‌తోనో తింటారు. నేను మాత్రం అరబ్బుల దిబ్స్, అదే ఖర్జూర పాకం, తహీనీ, అదే నువ్వుల ముద్ద, కలిపి పోశాను. రెండూ తూల్‌స్కాయా మెట్రో దగ్గరి దానిలోవ్‌స్కీ మార్కెట్లో ఎండుఫలాలు అమ్మే ఒక కొట్లో కొన్నవే.

దిబ్స్‌కి అయిదుకి అయిదు ఇస్తాను. అంతకుముందు వేరేచోట కొన్న సీసా లేబుల్ ఇంటికొచ్చి చదివితే ఖర్జూరం కంటే ముందు గ్లూకోజ్ సిరప్ ఉంది, ఒట్టి తీపే తప్ప వాసన లేదు, చాలా బాధేసింది. దీని మీద రాసున్నది ఒకే ఒక్క పదార్థం, ఖర్జూరం. దాదాపు నల్లగా ఉంటుంది, చెంచా వంచితే సాగుతూ జారుతుంది, తీపి అయ్యాక నాలుక మీద ముదురు బెల్లం పాకం రుచి కాసేపు నిలుస్తుంది. కొట్టతను మూడు రకాలు రుచి చూపించి, దేనికి వాడతావని అడిగి మరీ ఇచ్చాడు. ధర ఎక్కువే, అయినా మళ్లీ కొంటాను.

తహీనీకి మూడే. నూనె అంతా పైకి తేలి, అడుగున ముద్ద గట్టిపడిపోయింది, కలపడానికి చెయ్యి నొప్పెట్టింది, కాస్త చేదు కూడా. కానీ రెండు వంతుల దిబ్స్‌కి ఒక వంతు ఇది వేసి చిటికెడు ఉప్పు కలిపితే ఆ చేదు ఎక్కడికి పోయిందో తెలియదు. ఇరాక్‌లో ఈ రెండూ కలిపి పొద్దున్నే రొట్టెతో అద్దుకుని తింటారు. నాకైతే మొదటి చెంచాకే మా అమ్మమ్మ రోట్లో దంచిన చిమ్మిలి గుర్తొచ్చింది, అవే నువ్వులు, బెల్లం బదులు ఖర్జూరం, అంతే తేడా.

ఇక సిర్నికీ. 400 గ్రాముల త్వరోగ్, 9 శాతం కొవ్వుది, పొడిపొడిగా ఉన్నది తీసుకోండి. లేబుల్ మీద త్వరోగ్ అనే ఉండాలి, "త్వరోజ్నీ ప్రొదూక్త్" (త్వరోగ్ ఉత్పత్తి) అని ఉంటే వద్దు, అందులో త్వరోగ్ కాక వేరేవి కూడా ఉండొచ్చు. తడిగా ఉంటే గుడ్డలో మూటకట్టి గంటసేపు వేలాడదీయండి, ఈ ఒక్క పని మానేస్తే పెనం మీద విడిపోతాయి, పిండి ఎక్కువేసి సరిచేద్దామంటే రబ్బరులా అవుతాయి. ఎర్రగుమ్మడి ముక్కలు ఓవెన్లో కాల్చి, మెదిపి, నీరు పిండేసి నాలుగు చెంచాలు వేశాను. ఒక గుడ్డు, రెండు చెంచాల రవ్వ (మన బొంబాయి రవ్వే, ఇక్కడ మాన్కా అంటారు), ఒక చెంచా పంచదార, ఉప్పు, నాలుగు యాలకులు. రవ్వ నానడానికి ఇరవై నిమిషాలు ఆగి, రెండు వేళ్ల మందాన బిళ్లలు చేసి, పిండి అద్ది, సన్నటి సెగ మీద నేతిలో కాల్చాను. సెగ పెంచితే పైన మాడి లోపల పచ్చిగా ఉంటుంది.

పక్కన పుల్లటి అంతోనోవ్కా యాపిల్ ముక్కలు వెన్నలో వేయించి పెట్టాను. సెప్టెంబరు, అక్టోబరుల్లో దొరికే ఆ యాపిల్ పులుపు లేకపోతే ఇంత తీపి తినలేం, స్మెతానా కూడా ఒక చెంచా ఉండాల్సిందే. తీపి ముట్టని మా ఆయన అయిదు తిన్నాడు.

కొనేవాళ్లకి ఒక మాట, తహీనీ సీసా తీసుకునే ముందు తలకిందులు చేసి చూడండి, అడుగు కదలకపోతే అది చాన్నాళ్లుగా నిలవున్న సరుకై ఉండొచ్చు, వేరేది ఇమ్మనండి, మారు మాట్లాడకుండా మారుస్తారు. మంచి త్వరోగ్ కావాలంటే శనివారం పెందలాడే వెళ్లండి, మధ్యాహ్నానికి నాకు ఎప్పుడూ దొరకలేదు.