లెన్సు టెలిస్కోపా, అద్దం టెలిస్కోపా? నల్లగొండ, పాలమూరు ఆకాశానికి ఏది మేలు?

నల్లగొండ గడియారం సెంటర్ దగ్గర డాబా మీంచి చూసేవాళ్లకు ఒక టెలిస్కోప్ మేలు, అమ్రాబాద్ అడవి పక్కన మన్ననూరులో చూసేవాళ్లకు ఇంకొకటి. అమ్మేవాళ్లు ఈ సంగతి చెప్పరు. డబ్బా మీద ‘525 రెట్లు పెద్దగా’ అని వేసి ఊరుకుంటారు. ఆ అంకెను అసలు పట్టించుకోవద్దు. ముందు భాగం 70 మిల్లీమీటర్ల వెడల్పున్న టెలిస్కోప్‌తో 140 రెట్లు దాటితే బొమ్మ పెద్దదవుతుంది గానీ కొత్తగా కనిపించేది ఏమీ ఉండదు, మసక తప్ప. చూడాల్సినవి రెండే: ముందు భాగం ఎంత వెడల్పు, లోపల వెలుగును వంచేది లెన్సా, తిప్పికొట్టేది అద్దమా.

లెన్సు సంగతి ముందు. గాలిలో సెకనుకు దాదాపు 3 లక్షల కిలోమీటర్లు పోయే వెలుగు గాజులోకి దిగగానే 2 లక్షలకు తగ్గుతుంది. ఏటవాలుగా దిగితే, ఒక చక్రం బురదలో పడ్డ ఎడ్లబండి పక్కకు తిరిగినట్టు, దారి మళ్లుతుంది. పదో తరగతిలో చదివిన వక్రీభవనం ఇదే. చిక్కేమిటంటే గాజు అన్ని రంగులనూ ఒకేలా వంచదు. ఊదా ఎక్కువ వంగుతుంది, ఎరుపు తక్కువ. అన్నీ ఒకే చోట కలవవు కాబట్టి చవక లెన్సులో శుక్రుడిని చూస్తే చుట్టూ ఊదారంగు పొగ పట్టినట్టు ఉంటుంది. చందమామ అంచుకు కూడా సన్నటి ఊదా గీత కనిపిస్తుంది.

గెలీలియో 1609లో ఆకాశం వైపు తిప్పింది లెన్సు టెలిస్కోపే. ఈ రంగుల జబ్బుకు మందు లేదని న్యూటన్ తేల్చేసి, 1668లో అద్దంతో టెలిస్కోప్ చేశాడు. పరావర్తనంలో రంగుల పేచీ ఉండదు. ఎరుపైనా ఊదా అయినా పడిన కోణంలోనే వెనక్కి వస్తుంది. అయితే మందు లేదన్న మాట నిలవలేదు. రెండు రకాల గాజులను జతచేస్తే రంగులు చాలావరకు ఒకచోటికి వస్తాయని తర్వాతివాళ్లు కనిపెట్టారు, 1758లో లండన్‌లో లెన్సులు చేసే జాన్ డాలండ్ దానికి పేటెంట్ కూడా తీసుకున్నాడు. ఇప్పుడు దొరికే మామూలు లెన్సు టెలిస్కోపుల్లో ఉండేది ఆ జత గాజే. ఊదా పూర్తిగా పోదు, తగ్గుతుంది.

మరి పెద్ద పెద్ద అబ్జర్వేటరీలన్నీ అద్దానికే ఎందుకు మారాయి? దీనికి దూరం పోనక్కర్లేదు, మన ఉస్మానియా యూనివర్సిటీ కథే చాలు. నవాబ్ జఫర్ జంగ్ 1901లో మొదలుపెట్టిన నిజామియా అబ్జర్వేటరీలో పెద్దది 15 అంగుళాల లెన్సు టెలిస్కోప్. నగరం వెలుతురు పెరిగాక కొత్త అబ్జర్వేటరీని ఇబ్రహీంపట్నం అవతల జాపాల్-రంగాపూర్‌లో కట్టారు. 1968లో అక్కడ పెట్టింది 48 అంగుళాల అద్దం. వెలుగు సేకరణ వెడల్పు వర్గాన్ని బట్టి పెరుగుతుంది, అంటే పాతదానికి పది రెట్లు. 1980 ఫిబ్రవరి 16 నాటి సంపూర్ణ సూర్యగ్రహణాన్ని శాస్త్రవేత్తలు ఈ రంగాపూర్ నుంచే పరిశీలించారు. ఆ రోజు తలుపులు బిగించుకుని ఇంట్లో కూర్చున్న తాతలు, నానమ్మలు మన ఊళ్లలో ఇప్పటికీ ఉన్నారు.

48 అంగుళాల లెన్సు ఎందుకు చేయలేదంటే, చేసినా నిలవదు. లెన్సును అంచుల దగ్గర మాత్రమే పట్టుకోగలం, మధ్యలోంచి వెలుగు పోవాలి. పెద్దదయ్యేకొద్దీ తన బరువుకు తానే కుంగుతుంది. అమెరికాలో యెర్కిస్ అబ్జర్వేటరీవాళ్లు 1897లో 40 అంగుళాల లెన్సు పెట్టారు. పరిశోధనకు వాడిన లెన్సు టెలిస్కోపుల్లో దాన్ని మించింది ఇప్పటికీ రాలేదు. అద్దానికైతే వెనకంతా ఆసరా ఇవ్వొచ్చు. పైగా నునుపు చేయాల్సింది ఒక్క ముఖమే, జత లెన్సుకు నాలుగు. గాజు లోపల చిన్న బుడగ ఉన్నా అద్దానికి పెద్ద నష్టం లేదు. అదే డబ్బుకు అద్దంలో ఎక్కువ వెడల్పు రావడానికి కారణం ఇదే.

మన కొనుగోలుకు వద్దాం. సాధారణంగా తూచుకునేవి 70 మిల్లీమీటర్ల లెన్సు, 130 మిల్లీమీటర్ల అద్దం. లెక్కకు రెండోది దాదాపు మూడున్నర రెట్లు వెలుగు పట్టాలి. అద్దం టెలిస్కోపులో మధ్యలో చిన్న అద్దం అడ్డం ఉంటుంది, రెండు పరావర్తనాల్లో ఒక్కోదానికీ పదో వంతు దాకా వెలుగు పోతుంది. ఇవన్నీ తీసేసినా రెండున్నర రెట్లు మిగులుతుంది. మన్ననూరులోనో, డిండి అవతల వీధి దీపాలు లేని పొలంలోనో ఈ తేడా బ్రహ్మాండంగా తెలుస్తుంది. టౌనులో మాత్రం ఆకాశమే తెల్లబారి ఉంటుంది. నెబ్యులాలనే మసక మేఘాలు, గెలాక్సీలు ఎలాగూ కొట్టుకుపోతాయి. అక్కడ మిగిలేవి చందమామ, గురుడు, శని, కొన్ని జంట నక్షత్రాలు. వాటికి 70, 80 మిల్లీమీటర్ల లెన్సు చాలు. శని వలయం విడిగా కనిపిస్తుంది, గురుడి నాలుగు చంద్రులు వరసగా కనిపిస్తాయి. మధ్యలో అడ్డం ఏమీ లేదు కాబట్టి బొమ్మ చురుగ్గా కూడా ఉంటుంది.

డాబాకు ఇంకో బెడద ఉంది, మే నెల స్లాబు. పగలంతా 44 డిగ్రీల ఎండ తాగిన కాంక్రీటు అర్ధరాత్రి దాకా సెగ కక్కుతూనే ఉంటుంది, ఆ సెగలో శని నీళ్లలో పడ్డట్టు వణుకుతాడు. ఈ వణుకు వెడల్పాటి అద్దంలో ఇంకా బాగా తెలుస్తుంది. పైగా ఇంట్లోంచి తెచ్చిన అద్దం బయటి గాలికి అలవాటుపడటానికి అరగంట పడుతుంది. వాకిట్లో నీళ్లు చల్లి అక్కడ పెట్టుకోండి, డాబా కంటే నయం. డిసెంబరు, జనవరి మంచు రాత్రుల్లో కథ తిరగబడుతుంది. లెన్సు ముందే ఉంటుంది కాబట్టి దాని మీద తేమ పడుతుంది. గొట్టం అడుగున దాక్కున్న అద్దానికి ఆ బాధ తక్కువ.

అద్దంతో అసలు పని దాన్ని సరిచూసుకోవడం. ఇంటి అద్దానికి పూత వెనక ఉంటుంది, టెలిస్కోప్ అద్దానికి అల్యూమినియం పూత ముందు వైపే. వేలు పెట్టారా, మరక పడ్డట్టే. మధ్యలో చిన్న కాగితపు రింగు అంటించి ఉంటుంది. కంటి దగ్గరి లెన్సు (ఐపీస్) పెట్టే చోట్నుంచి తొంగిచూస్తే చిన్న అద్దం నీడ ఆ రింగు మధ్యలోకి రావాలి. రాకపోతే వెనకున్న మరలు అరచుట్టు, పావుచుట్టు తిప్పుతూ సర్దాలి. బైకు మీద గుంతల రోడ్డులో తీసుకుపోతే మళ్లీ సర్దాలి. నేర్చుకున్నవాళ్లకు పది నిమిషాల పని. నేర్చుకోనివాళ్లకు మాత్రం ఆ టెలిస్కోప్ అటక ఎక్కుతుంది.

అందుకే జిల్లా పరిషత్ హైస్కూలుకు కొంటామంటే లెన్సే కొనమంటాను, వెలుగు తక్కువైనా సరే. అద్దం సర్దడం తెలిసిన సైన్సు సారుకు ట్రాన్స్‌ఫర్ అయితే, ఆ విద్య కూడా ఆయన వెంటే పోతుంది. లెన్సుకు ఆ అవసరం దాదాపు ఉండదు. పైగా నిటారు బొమ్మ చూపే ప్రిజం తగిలిస్తే పగలు కోయిల్‌సాగర్‌లో కొంగలను కూడా చూపించొచ్చు. అద్దంలో కొంగ తలకిందులుగా ఉంటుంది. ఒక్క జాగ్రత్త, సూర్యుడి కోసమని కంటి దగ్గర బిగించే చిన్న నల్ల ఫిల్టర్ డబ్బాలో వస్తే ఆ రోజే పగలగొట్టి పారేయండి. అది వేడికి పగిలితే కన్ను పోతుంది. సూర్యుడికి ఫిల్టర్ ముందువైపే ఉండాలి, గొట్టం నోరంతా మూసేలా.

ఇంట్లో ఆసక్తి ఉన్న ఒక్కరు, చీకటి ఊరు, ఓపిక ఉంటే మాత్రం అద్దమే. అది కూడా మూడు కాళ్ల స్టాండు మీద వణికేది వద్దు, నేల మీద తిరిగే చెక్క పీట లాంటి డాబ్సోనియన్. డబ్బు స్టాండుకు కాకుండా అద్దానికి పోతుంది.

ఈ రెండిటికీ చేయి ఆడకపోతే 10×50 బైనాక్యులర్ ఉంది, అంటే పది రెట్లు పెద్దగా చూపేది, ముందు లెన్సులు 50 మిల్లీమీటర్లవి. దాంట్లో వెలుగు లెన్సులో వంగి, లోపలి ప్రిజం గోడలకు పూర్తిగా పరావర్తనం చెంది కంటికి చేరుతుంది. మే మధ్యలో రాత్రి పదింటికి దక్షిణాన, దిగంతానికి పాతిక డిగ్రీల ఎత్తులో ఒమేగా సెంటారీ అనే నక్షత్రాల గుంపును వెతకండి. లండన్‌లో ఉన్నవాళ్లకు ఇది ఎప్పటికీ ఉదయించదు. బైనాక్యులర్‌లో దూది ఉండలా, 70 మిల్లీమీటర్ల లెన్సులో కాస్త పెద్ద ఉండలా ఉంటుంది. 150 మిల్లీమీటర్ల అద్దంలో ఆ ఉండ విడిపోయి లెక్కలేనన్ని నక్షత్రాలవుతుంది. కొనేముందు తెలిసినవాళ్ల దగ్గర ఈ మూడింటిలోనూ ఒకసారి చూడండి.